గెలిచిన కప్పును తిరిగి ఇచ్చిన జట్టు
లార్డ్ కినెయిర్డ్ జీవితము (1847–1923)

చదువవలసిన వాక్యభాగములు: 1 కొరింథీయులకు 9:24–27, మత్తయి 6:19–21, లూకా 12:2

అపొస్తలుడైన పౌలు కొరింథువారికి వ్రాయునప్పుడు ఆటపోటీల మాట ఎత్తుట ఊరకే కాదు. ఆ పట్టణమునకు కొద్ది దూరములో రెండేండ్లకొకసారి గొప్ప పోటీలు జరుగుచుండెను. అందులో గెలిచినవానికి ఇచ్చునది బంగారమును కాదు, వెండియు కాదు; ఆకులతో అల్లిన కిరీటము మాత్రమే. కొద్ది దినములలో అది ఎండి రాలిపోవును. ఎండిపోవు ఆకుల కొరకు ఒక మనుష్యుడు తన దేహమును అంతగా అదుపులో ఉంచుకొనగా, ఎన్నటికిని వాడని కిరీటమును కోరు మనము ఇంకెంత శ్రమపడవలెనని పౌలు తలంపు. ఆయన ఆటను తృణీకరింపలేదు. ఆటగాని శ్రమను మెచ్చుకొని, దానికంటె పైనున్న దానివైపు మన కన్నులు త్రిప్పెను.

ఇంగ్లాండు దేశములో ఈ రెండు విధములైన కిరీటముల కొరకును పరుగెత్తిన ఒక మనుష్యుడుండెను. ఆయన పేరు ఆర్థర్ కినెయిర్డ్. ఫుట్‌బాల్ చరిత్ర వ్రాసినవారు ఆయనను ఆ ఆటకు పెద్దలలో ఒకనిగా ఎంచుదురు. క్రైస్తవ సేవ చరిత్ర వ్రాసినవారు వై.ఎమ్.సి.ఎ. పనిలో ఆయన పేరు తలంచుదురు. ఆయన ఆడిన వాండరర్సు అను జట్టు ఒకప్పుడు దేశమంతటిలో మొదటిదై యుండి, పిమ్మట అంతరించిపోయెను. ఆ మనుష్యుని జీవితములోను ఆ జట్టు చరిత్రలోను మన సంఘములు నేర్చుకొనదగిన పాఠము ఒకటి కలదు. అది గెలుచుటను గూర్చిన పాఠము కాదు, గెలిచిన దానిని విడుచుటను గూర్చినది.

తల్లిదండ్రుల యిల్లు

ఆర్థర్ 1847వ సంవత్సరము ఫిబ్రవరి 16వ తేదీన లండనులో పుట్టెను. తండ్రి స్కాట్లండు దేశపు గొప్ప కుటుంబమువాడు, బ్యాంకు నడుపువాడు, పార్లమెంటు సభ్యుడు. తల్లి మేరీ జేన్ చిన్నతనములోనే తల్లిదండ్రులను పోగొట్టుకొని, బోధకుడైన బాప్టిస్ట్ నోయెల్ అను బంధువు ఇంట పెరిగినది. తానే దిక్కులేని బిడ్డగా నుండినందున కాబోలు, దిక్కులేని ఆడుపిల్లలను ఆమె మరువలేదు.

1855లో క్రిమియా యుద్ధము జరుగుచుండగా, అచ్చటికి పోవు నర్సులు లండనులో నిలుచుటకు ఆమె ఒక గృహము ఏర్పరచెను. తరువాత పల్లెలనుండి పని కొరకు పట్టణమునకు వచ్చు యువతులకు అటువంటి గృహములు ఆశ్రయమాయెను. నేడు మనము వై.డబ్ల్యు.సి.ఎ. అని పిలుచు సంస్థకు మొదటి వేరులలో ఇది ఒకటి. మన దేశములో ఘోషాలో నుండిన స్త్రీలకు చదువును, వైద్యమును, వాక్యమును అందించిన జెనానా మిషను పనికిని ఆమె తోడ్పడెను. లాహోరు పట్టణమందలి కినెయిర్డ్ స్త్రీల కళాశాలకు ఆమె పేరే పెట్టబడినది. ఆమె కుమార్తె ఎమిలీ వై.డబ్ల్యు.సి.ఎ. పని నిమిత్తము ఇండియా దేశమునకు వచ్చి సేవచేసెను. ఈ విధముగా ఆ యింటి ప్రార్థనల ఫలములో మన దేశమునకును పాలు దొరికినది.

అటువంటి యింట ఆర్థర్ పెరిగెను. ఈటన్ అను పెద్ద పాఠశాలలోను, పిమ్మట కేంబ్రిడ్జిలోని ట్రినిటీ కళాశాలలోను చదివి 1869లో బి.ఏ. పట్టము పొందెను. ఈటన్ పాఠశాల ధనవంతుల బిడ్డలు చదువు చోటు. అచ్చట చదివినవాడు పార్లమెంటునకో, సైన్యమునకో, బ్యాంకునకో పోవుట వాడుక. ఆర్థరును బ్యాంకు పనికే పోయెను. 1887లో తండ్రి గతించగా లార్డ్ అను బిరుదు ఆయనకు వచ్చెను. ఆయన పనిచేసిన బ్యాంకు 1896లో మరికొన్నిటితో కలిసి బార్క్లేస్ బ్యాంకు ఆయెను. అందులో ఆయన డైరెక్టరుగా నుండెను. ధనము, పలుకుబడి, బలమైన దేహము, ఈ మూడును యవ్వనమునుండి ఆయన చేతిలో ఉండెను. ఈ మూడింటితో చెడిపోయిన యువకులు ఎందరో కలరు.

వీధి బాలురు

ఆ కాలపు లండను నగరములో గొప్ప భవనముల వెనుకనే మురికి సందులుండెను. తల్లిదండ్రులు లేనివారు, ఉండియు లేనివారివంటివారు, వేలకొలది బాలురు వంతెనల క్రిందను, మెట్ల మీదను నిద్రించుచుండిరి. చెప్పులు తుడిచియు, గుఱ్ఱముల కళ్లెములు పట్టుకొనియు, కొందరు దొంగిలించియు పొట్ట పోసికొనుచుండిరి.

ఈటనులో ఆర్థరుతో చదివిన క్వింటిన్ హాగ్ అను యువకుడు ఈ బాలురను చూచి ఊరకుండలేకపోయెను. ఆయనయు ఫుట్‌బాల్ ఆటగాడే. థేమ్స్ నది యొద్ద కమానుల క్రింద ఇద్దరు బాలురను కూర్చుండబెట్టి, సీసా మూతిలో క్రొవ్వొత్తి నిలిపి, బైబిలునే వాచకముగా పెట్టి అక్షరములు నేర్ప మొదలుపెట్టెను. ఆ బాలుర బ్రతుకు తెలిసికొనుటకు తానే చెప్పులు తుడుచు పెట్టె పట్టుకొని వారి మధ్య తిరిగెను. 1860లలో హాగ్, కినెయిర్డ్, మరియొక స్నేహితుడును కలిసి చేరింగ్ క్రాస్ ప్రాంతమున చింపిరి గుడ్డల బాలురకు ఒక బడి పెట్టిరి. హాగ్ మొదలుపెట్టిన పని పెరిగి పెరిగి, 1882లో రీజెంటు వీధిలోని పాలిటెక్నిక్ అను గొప్ప విద్యాలయమాయెను. పని చేసికొను యువకులు సాయంకాలమందు వచ్చి చేతిపనులు, చదువు, ఆటలు, వాక్యము నేర్చుకొను చోటది.

ఇక్కడ ఒక సంగతి గమనింపవలెను. ఈ స్నేహితులు దిన దినమును ఆటస్థలములో ఒకరినొకరు త్రోసికొని, బురదలో పడి లేచినవారు. చలికిని దెబ్బకును వెరవని ఆ దేహములే దుర్గంధపు సందులలోనికి పోవుటకును వెరవలేదు. బలము దేవుడిచ్చిన వరము. దానిని ఎక్కడ ఖర్చుపెట్టుదుమనునదే ప్రశ్న.

ఊరులేని జట్టు

1859లో లండనుకు తూర్పున ఎప్పింగ్ అడవి యొద్ద కొందరు యువకులు ఫుట్‌బాల్ జట్టుగా కూడిరి. వారిలో ముఖ్యులు ఆల్కాక్ అను సహోదరులు. అడవి ప్రక్కన ఆడినందున దానికి ఫారెస్టు అని పేరు పెట్టిరి. 1864లో దాని పేరు వాండరర్సు అని మారెను. ఆ మాటకు తిరుగాడువారు అని అర్థము. వారికి స్వంత ఆటస్థలము లేదు. నేడు ఈ మైదానములో, రేపు ఆ ఉద్యానవనములో ఆడుదురు. ఈ లోకములో నిలుచు పట్టణము లేనివారిని గూర్చి హెబ్రీ పత్రిక చెప్పు సంగతి ఈ పేరు వినినప్పుడు మనకు జ్ఞాపకము రాక మానదు.

వారు అమెచ్యూరు ఆటగాండ్రు, అనగా పైకము తీసికొనక, ఆట మీది ప్రేమ చేత ఆడువారు. అప్పటి ఆట మోటుగా నుండెను. కాలి ఎముకల మీద తన్నుట సామాన్యము. కినెయిర్డ్ ఎఱ్ఱని పెద్ద గడ్డముతో, పొడవైన తెల్లని లాగుతో, తలమీద టోపీతో ఆడుచుండెను. ఆయన ఆట ఎంత గట్టిదనగా, ఏదో ఒక దినమున ఈయన కాలు విరిగి ఇంటికి వచ్చునని ఇంటివారు ఒకరు దిగులుపడగా, విరుగుట నిజమే గాని ఆ కాలు ఈయనది మాత్రము కాదని స్నేహితుడొకడు ఓదార్చెనని చెప్పుకొందురు. భక్తిపరుడు మెత్తనివాడై మూలను కూర్చుండునని తలంచువారికి ఆయన జీవితమే జవాబు.

1871లో ఇంగ్లాండు ఫుట్‌బాల్ సంఘము దేశములోని జట్లన్నిటికి ఒక కప్పు పోటీ నేర్పరచెను. ఆ సంఘపు కార్యదర్శి వాండరర్సు జట్టును స్థాపించిన చార్లెస్ ఆల్కాకే. వెండి కప్పు ఒకటి 20 పౌన్ల ఖరీదుతో చేయించిరి. మొదటి సంవత్సరము పోటీలో చేరినవి 15 జట్లు మాత్రమే. 1872 మార్చి 16న లండనులోని ఓవల్ మైదానములో సుమారు 2,000 మంది చూచుచుండగా, వాండరర్సు జట్టు సైనికుల జట్టును ఒక గోలుతో గెలిచి ఆ కప్పును మొట్టమొదట ఎత్తుకొనెను.

మరుసటి సంవత్సరము తుది పోటీలో కినెయిర్డ్ చేరెను. ఆక్స్‌ఫర్డు విశ్వవిద్యాలయపు జట్టు ఎదిరి పక్షము. ఆయన బంతిని తీసికొని ఎదిరివారిని దాటి పరుగెత్తి మొదటి గోలు చేసెను. వాండరర్సు 2–0తో గెలిచిరి. ఆ సంవత్సరమే ఆయన స్కాట్లండు పక్షమున ఇంగ్లాండు మీద ఆడెను. అప్పటినుండి 1883 వరకు ఆయన తొమ్మిది తుది పోటీలలో ఆడి, అయిదింటిలో గెలిచెను: మూడు వాండరర్సుతో, రెండు ఈటన్ పూర్వవిద్యార్థుల జట్టుతో.

దాచబడిన గోలు

1877లో జరిగిన తుది పోటీని గూర్చి కొంచెము వివరముగా చెప్పవలెను. మరల ఆక్స్‌ఫర్డు జట్టే ఎదిరి పక్షము. ఆ దినమున కినెయిర్డ్ గోలు కాయుచుండెను. ఎదిరివారు కొట్టిన బంతి ఆయన చేతికి చిక్కెను గాని, దానిని పట్టుకొని ఆయన అడుగు వెనుకకు వేసి గోలు గీత దాటెను. బంతి గీత దాటినది గనుక ఆక్స్‌ఫర్డువారికి గోలు లెక్కింపబడెను. గొప్ప ఆటగాడు తన పక్షమునకు తానే నష్టము తెచ్చెను. పిమ్మట వాండరర్సు రెండు గోలులు చేసి, అదనపు సమయములో 2–1తో గెలిచిరి.

ఆట ముగిసెను, వార్తాపత్రికలు ఆ సంగతి ప్రకటించెను. అయినను సంఘపు దాఖలాలలో ఆ గోలు తరువాత కొట్టివేయబడెను. కినెయిర్డ్ అప్పటికి ఆ సంఘపు కమిటీ సభ్యుడు. ఆయన మనవి మీదనే ఇది జరిగెనని చెప్పుదురు. సుమారు నూరు సంవత్సరములు పుస్తకములన్నియు ఆ ఆట 2–0తో ముగిసెననియే వ్రాసెను. 1980లలో చరిత్రకారులు పాత పత్రికలు వెదకి చూడగా ఆ గోలు బయటపడెను. సంఘమును దానిని తిరిగి దాఖలాలో చేర్చెను. కినెయిర్డ్ గతించి అప్పటికి అరువది సంవత్సరములైనది.

తిరిగి ఇచ్చిన కప్పు

మరుసటి సంవత్సరము, 1878లో, వాండరర్సు సైనికుల జట్టును 3–1తో గెలిచిరి. 1876, 1877, 1878: వరుసగా మూడు సంవత్సరములు కప్పు వారిదే. పోటీ నియమము ప్రకారము వరుసగా మూడుసార్లు గెలిచిన జట్టు ఆ కప్పును ఎల్లకాలము తన స్వంతముగా ఉంచుకొనవచ్చును. అది వారి హక్కు. ఎవరును ఆక్షేపింపలేరు.

వారు ఆ కప్పును సంఘమునకు తిరిగి ఇచ్చివేసిరి. ఒక్క షరతు మాత్రము పెట్టిరి: ఇకమీదట ఏ జట్టును, ఎన్నిసార్లు గెలిచినను, దానిని స్వంతము చేసికొనకూడదు. సంఘము ఒప్పుకొనెను. ఆ షరతు ఎంత మేలు చేసినదో కొద్ది సంవత్సరములలోనే తెలిసెను. 1884, 1885, 1886లో బ్లాక్‌బర్న్ రోవర్సు జట్టు వరుసగా మూడుసార్లు గెలిచెను. పాత నియమమే యుండిన యెడల కప్పు ఆ ఊరిలోనే నిలిచిపోయి యుండును. దానికి బదులు వారికి ఒక వెండి డాలు ఇచ్చి, కప్పును మరుసటి జట్టుకు విడిచిపెట్టిరి. ఆ పోటీ నూటయేబది సంవత్సరములు దాటి నేటికిని జరుగుచున్నది.

ఇప్పుడు ఈ రెండు సంగతులను ప్రక్కప్రక్కన పెట్టి చూడుడి. మొదటి సంవత్సరమున గోలు, రెండవ సంవత్సరమున కప్పు. వెండిని ఇచ్చివేయుట ఆ పెద్దమనుష్యులకు కష్టముగా తోచలేదు. ఒక చిన్న తప్పటడుగు తన పేరున నిలిచియుండుట మాత్రము అంత మంచి మనుష్యునికిని కష్టమాయెను. ప్రియులారా, ఆయనను తీర్పు తీర్చుటకు దీనిని వ్రాయుటలేదు. మనమందరము అట్టివారమే. గుడికి గంట ఇచ్చెదము, గంట మీద పేరు చెక్కించెదము. గోడ కట్టించెదము, గోడలో మన పేరుగల రాయి పెట్టించెదము. ఆ రాయిమీద పేరు క్రమములో ఒక మెట్టు దిగినందున అలిగి ఆరాధనకు రాక మానిన కుటుంబములను ఏ బోధకుడు ఎరుగడు? సొమ్ము మన చేతినుండి తొందరగా వదలును, పేరు వదలదు.

మరుగున పెట్టబడినది ఏదియు బయలుపడక మానదని యేసు ప్రభువు శిష్యులకు బోధించెను. నూరేండ్లు మరుగైన గోలు బయలుపడినట్లు, మన చేతులతో మనము కొట్టివేసికొనిన తప్పులు ఒక దినమున తిరిగి పైకి వచ్చును. అయితే దేవుడు తన కుమారుని సిలువను బట్టి కొట్టివేసిన తప్పు ఏ చరిత్రకారుడు వెదకినను దొరకదు. మనము దాచినది నిలువదు, ఆయన తుడిచినది తిరిగి రాదు. అందుచేత తప్పును దాచుటకు కమిటీ యొద్దకు పోక, ఒప్పుకొనుటకు ప్రభువు యొద్దకు పోవుట క్షేమము.

జట్టు అంతరించుట

కప్పును తిరిగి ఇచ్చిన సంవత్సరము తిరుగకముందే వాండరర్సు బలము తగ్గెను. దానికి కారణము సులభముగా గ్రహింపవచ్చును. ఆ జట్టులోనివారు వేర్వేరు గొప్ప పాఠశాలలలో చదివినవారు. ఇప్పుడు ఒక్కొక్క పాఠశాల పూర్వవిద్యార్థులు తమ తమ జట్లను కట్టుకొనిరి. ఆటగాండ్రు ఒక్కొక్కరే వాండరర్సును విడిచి తమవారితో చేరిరి. కినెయిర్డును ఈటన్ జట్టులోనికి పోయెను. ఆ జట్టే తరువాతి పోటీ మొదటి ఆటలో వాండరర్సును 7–2తో ఓడించెను. 1879లో కప్పును గెలుచుకొనెను. 1880–81 పోటీకి వాండరర్సు పదునొకండుగురిని కూర్చలేక తప్పుకొనిరి. పిమ్మట సంవత్సరమునకొకసారి క్రిస్మసు కాలమున ఒక పాఠశాలతో ఆడుట మాత్రము మిగిలెను. 1880లలోనే అదియు నిలిచిపోయెను.

అయిదుసార్లు దేశములో మొదటిదైన జట్టు ఇట్లు నిశ్శబ్దముగా ముగిసెను. కప్పును ఇంట దాచుకొనియుండిన యెడల ఆ జట్టుతో కూడ అదియు ఏదో పెట్టెలో పడి మరుగైపోయియుండును. విడిచినందుననే వారి కానుక వారికంటె ఎక్కువ కాలము బ్రతికెను. గోధుమ గింజ భూమిలో పడుటను గూర్చి ప్రభువు చెప్పిన మాట ఆటస్థలమునకును చెల్లినట్లున్నది.

నేతపనివారి చేతికి

1882లో కినెయిర్డ్ నాయకత్వమున ఈటన్ జట్టు బ్లాక్‌బర్న్ రోవర్సును ఒక గోలుతో గెలిచెను. ఆయనకు అప్పుడు 35 ఏండ్లు. సంతోషము పట్టలేక ఆ గడ్డపు పెద్దమనిషి అందరి యెదుట తలక్రిందులుగా, కాళ్లు పైకెత్తి నిలిచెనని చెప్పుకొందురు. దావీదు మందసము ముందర నాట్యమాడినప్పుడు మీకాలు సిగ్గుపడినట్లు, అచ్చటను కొందరు సిగ్గుపడియుందురు.

మరుసటి సంవత్సరము తుది పోటీ వేరు విధముగా ముగిసెను. ఎదిరి పక్షము బ్లాక్‌బర్న్ ఒలింపిక్ అను జట్టు. వారు ఉత్తరదేశపు నూలు మిల్లులలోను, ఇనుప కార్ఖానాలలోను పనిచేయువారు. చేతులు కాయలు కాచినవారు. 2–1తో వారు గెలిచిరి. ఆ దినము మొదలుకొని గొప్ప పాఠశాలల పూర్వవిద్యార్థుల జట్టు ఏదియు ఆ కప్పును మరల గెలువలేదు. ఆట ధనవంతుల చేతినుండి కూలివారి చేతికి మారెను. ఒక దినము పని మానిన ఒక దినము అన్నము లేనివారు ఊరకే ఆడలేరు గనుక, ఆటగాండ్రకు పైకము ఇచ్చుటను 1885లో సంఘము అంగీకరించెను.

కినెయిర్డ్ ఏమి చేసెను? ఓడిపోయినవాడు అలిగి ఇంటికి పోలేదు. 21 ఏండ్ల ప్రాయమున ఆయన సంఘపు కమిటీలో చేరెను. 1877లో కోశాధికారి ఆయెను. 1890లో అధ్యక్షుడై, మరణము వరకు 33 సంవత్సరములు ఆ పనిచేసెను. తనను ఓడించిన కూలివారి ఆటకే ఆయన సేవకుడాయెను. ఆయన కాలములోనే 2,000 మంది చూచిన తుది పోటీని 1901లో లక్షకు పైగా జనులు చూచిరి.

1907లో ఇంకొక పరీక్ష వచ్చెను. పైకము తీసికొను ఆటగాండ్రతో కలిసియుండుట ఇష్టములేని అమెచ్యూరు జట్లు కొన్ని సంఘమును విడిచి వేరు సంఘము పెట్టుకొనిరి. వారు కినెయిర్డ్ చదివిన చదువు చదివినవారు, ఆయన ఆడినట్లే ఆడినవారు. ఆయన స్వజనులని చెప్పవచ్చును. అయినను ఆయన వారితో పోలేదు. పాత సంఘపు అధ్యక్షుడుగానే నిలిచెను. 1914లో విడిపోయినవారు తిరిగి వచ్చి కలిసికొనిరి. ఒకే గ్రామములో రెండు గుడులు కట్టుకొని, ఒకరి పెండ్లికి ఒకరు పోని సంఘములు ఈ సంగతి చదివి ఆలోచింపవలెను. పోయినవారు తిరిగి వచ్చుటకు ఇంటిలో ఎవడో ఒకడు నిలిచియుండవలెను.

అదే కాలమున, 1907 మొదలు 1909 వరకు, స్కాట్లండు సంఘపు మహాసభలో రాజునకు ప్రతినిధిగా కూర్చుండు గౌరవము ఆయనకు దొరికెను. వై.ఎమ్.సి.ఎ.కును వై.డబ్ల్యు.సి.ఎ.కును ఇంగ్లాండులో ఆయన అధ్యక్షుడుగా నుండెను. బ్యాంకు బల్ల, ఆట కమిటీ, యువకుల ప్రార్థనకూటము, ఈ మూడు చోటులకును ఆయన ఒకే మనుష్యుడుగా పోవుచుండెను. ఆదివారమునకు ఒక ముఖము, సోమవారమునకు ఒక ముఖము ఆయనకు లేదు.

వెండికి ఏమాయెను

వాండరర్సు తిరిగి ఇచ్చిన ఆ మొదటి కప్పు కథ కూడ చెప్పవలెను. 1895లో ఆస్టన్ విల్లా జట్టు దానిని గెలిచి, జనులు చూచుటకై బర్మింగ్‌హాములో ఒక దుకాణపు అద్దాల కిటికీలో పెట్టిరి. సెప్టెంబరు నెలలో ఒక రాత్రి దొంగలు పడి దానిని ఎత్తుకొనిపోయిరి. అది మరల దొరకలేదు. దొంగలు కన్నమువేయు చోట ధనము కూర్చుకొనవద్దని ప్రభువు కొండమీద చెప్పిన హెచ్చరిక అక్షరాల నెరవేరెను.

అదే పోలికతో రెండవ కప్పు చేయించిరి. 1911లో దానిని మార్చి క్రొత్తది చేయించినప్పుడు, ఆ రెండవ కప్పును కినెయిర్డునకే బహుమానముగా ఇచ్చిరి. ఆయన అధ్యక్షుడై అప్పటికి 21 సంవత్సరములు. 1878లో ఆయన జట్టు విడిచిపెట్టినది, ముప్పది మూడు సంవత్సరముల తరువాత మరియొక రూపమున ఆయన యింటికి వచ్చెను. చాల కాలమునకు, 2005లో, అదే కప్పు వేలములో నాలుగు లక్షల పౌన్లకు పైగా పలికెను.

అయితే ఆ వెండి ఆయనను ఓదార్చలేని దినములు దగ్గరనే యుండెను. 1914లో మొదటి ప్రపంచ యుద్ధము వచ్చెను. ఆ సంవత్సరమే ఆయన కుమారుడు డగ్లాసు యుద్ధభూమిలో పడెను. 1917లో మరియొక కుమారుడు ఆర్థర్ కూడ పడెను. వేల గ్రామములలో వేల తండ్రులు మోసిన దుఃఖమునే ఈ ధనవంతుడైన తండ్రియు రెండు మారులు మోసెను. తొమ్మిది తుది పోటీలు ఆడినవానికి, దేశమంత ఎరిగినవానికి, ఈ పోటీలో తోడుగా నిలువగలిగినది తల్లి ఒడిలో నేర్చిన విశ్వాసము మాత్రమే. ముసలితనమున ఈ దెబ్బలు తగిలినను ఆయన తన బాధ్యతను విడువలేదు.

1923 జనవరి 30న, 75 ఏండ్ల ప్రాయమున, లండనులో ఆయన నిద్రించెను. మూడు నెలలలో, ఏప్రిల్ 28న, వెంబ్లీ అను మహా మైదానము తెరువబడెను. కప్పు తుది పోటీ చూచుటకు లక్షకు మించిన జనము గోడలు దాటి లోనికి వచ్చిరి, రాజును వచ్చెను. దాని కొరకు పాటుపడిన ఆయన దానిని చూడలేదు. మోషే నెబో కొండనుండి దేశమును చూచినట్లు కూడ ఆయనకు దొరకలేదు. విత్తినవాడు ఒకడు, కోసినవాడు వేరొకడు.

మనకు పాఠము

యువకులారా, మీ కాళ్ల బలమును గూర్చి సిగ్గుపడకుడి. కబడ్డీ ఆడినను, బంతి ఆడినను, బలముగా ఆడుడి, న్యాయముగా ఆడుడి. అయితే ఆ బలములో కొంత భాగము మీ పేటలో బడికి పోని బిడ్డకు, మంచము దిగలేని ముసలివానికి, నీళ్లు మోయలేని విధవరాలికి చెందవలెను. కమానుల క్రింద క్రొవ్వొత్తి వెలిగించుటకు పెద్ద చందా అక్కరలేదు.

సంఘ పెద్దలారా, మీ చేతిలోనున్నది ఏమి? సంఘపు పెట్టె తాళపుచెవియా? ముందు వరుస కుర్చీయా? ఇరువది ఏండ్లుగా మీ యింటనే నిలిచిన పదవియా? న్యాయముగా సంపాదించినదే కావచ్చును. వాండరర్సు కప్పును న్యాయముగానే గెలిచిరి. హక్కు లేనిదానిని విడుచుట త్యాగము కాదు. హక్కుండియు తరువాతివాని నిమిత్తము విడుచుటయే క్రీస్తు మనస్సు. ఆయన తన మహిమను గట్టిగా పట్టుకొని కూర్చుండక, తన్ను తాను రిక్తునిగా చేసికొనెను.

మనమందరము కొద్దికాలము ఆడి వెళ్లిపోవు జట్టువంటివారము. మన పేరులు చెరిగిపోవును, మన రాళ్లు పగులును, మన వెండిని ఎవరో ఎత్తుకొనిపోవుదురు. ప్రభువు చేతిలో విడిచిపెట్టినది మాత్రము ఆయన యొద్ద భద్రముగా నుండును.

ప్రార్థన

ప్రభువైన దేవా, మేము గెలిచినవన్నియు నీవు ఇచ్చినవే. వాటిని పట్టుకొనిన మా పిడికిళ్లను తెరువుము. మా తప్పులను మేము దాచుకొనక నీ యెదుట ఒప్పుకొనుటకు ధైర్యమిమ్ము. నీ కుమారుని రక్తము చేత వాటిని తుడిచివేయుము. మా యువకుల బలమును నీ పనికి వాడుకొనుము. విడిపోయిన మా సంఘములను కలుపుము. పరుగు ముగిసిన దినమున వాడని కిరీటమును నీ చేతినుండి పొందునట్లు మమ్మును నడిపించుము. యేసు నామమున అడుగుచున్నాము. ఆమేన్.